మద్దికెర మిద్దెమీద ధ్రువుడు

పిల్లలూ, గుంతకల్లు నుంచి డోను వైపు పోయే రైలు ఎక్కితే కొద్దిసేపటికే మద్దికెర స్టేషను వస్తుంది. పెద్ద స్టేషనేమీ కాదు. దిగేవాళ్ళు నలుగురు, ఎక్కేవాళ్ళు నలుగురు. ఈ నెల మిమ్మల్ని అక్కడ దింపుతాను. అక్కడ కోట ఉన్నదా, జలపాతం ఉన్నదా అని అడగకండి. కోట కావాలంటే ఆదోని పోవాలి. నేను చూపించబోయేది చీకటి పడితే గాని కనిపించదు. కాబట్టి సాయంకాలం దాకా ఊరు తిరిగి వద్దాము.

మద్దికెర కర్నూలు జిల్లాకు పడమటి కొసన ఉన్నది. ఇక్కడికి కన్నడ దేశం దూరం కాదు. ఊరిపేరు చివర ఉన్న ‘కెర’ కూడా కన్నడ ‘కెరె’ను తలపిస్తుంది. కెరె అంటే చెరువు. పేరులో చెరువున్నా, ఇది నీళ్ళకు కరువైన సీమ. వాన పడితే పంట, లేకపోతే లేదు. చేలల్లో వేరుశనగ, పత్తి, కంది, ఆముదం, కొర్ర కనిపిస్తాయి. తొలకరి వానలు పడగానే ఇంకొక వింత చూడవచ్చు. జొన్నగిరి, తుగ్గలి, మద్దికెర పొలాల్లో జనం తలలు వంచుకొని, అడుగులో అడుగు వేసుకుంటూ నేలను వెదుకుతూ ఉంటారు. ఏమి పోగొట్టుకున్నారో అనుకునేరు! వారు వెదికేది వజ్రాలకోసం. వానకు మట్టి కడుక్కుపోయి, ఎప్పుడో ఒకసారి ఒకరికి రాయి దొరుకుతుంది. మిగిలినవారికి నడుంనొప్పి దొరుకుతుంది.

విజయదశమికి వస్తే గుర్రాల పందెం చూడవచ్చును. ఒకప్పుడు ఈ ప్రాంతాన్ని ఏలిన యాదవ వంశపు కుటుంబాలవారు రాచదుస్తులు ధరించి, గుర్రాలెక్కి, ఊరికి కొంచెం దూరంలో ఉన్న భోగేశ్వరస్వామి గుడికి పోతారు. అక్కడ పూజ చేసి, తిరిగి ఊరికి గుర్రాలను దౌడు తీయిస్తారు. చుట్టుపక్కల ఊళ్ళ జనమంతా దారికి రెండువైపులా నిలబడి కేకలు పెడతారు.

సరే, పొద్దు గుంకింది. ఇక మిద్దె ఎక్కుదాము.

ఈ సీమలో పాత ఇళ్ళన్నీ మట్టిమిద్దెలు. దూలాలమీద కట్టెలు పేర్చి, పైన మన్నూ చవుడూ పోసి అణచిన చదునైన కప్పు. వెలుతురు కోసం కప్పులో ఒక కంత ఉంచుతారు. దాన్ని గవాచి అంటారు. ఇప్పుడు సిమెంటు ఇళ్ళే ఎక్కువ. అయినా వేసవి రాత్రి చాప చంకన పెట్టుకొని మిద్దె ఎక్కే అలవాటు పోలేదు. ఏప్రిల్, మే నెలల్లో రాత్రి తొమ్మిది గంటలకు ఉత్తరంవైపు తిరిగి కూర్చోండి. సప్తర్షులు బాగా ఎత్తున కనిపిస్తారు. వారిలో నలుగురు చతురస్రంగా, ముగ్గురు తోకవలె ఉంటారు. మా అవ్వ ఆ నాలుగింటినీ మంచంకోళ్ళు అనేది. చతురస్రానికి తోకలేని వైపున ఉన్న రెండు నక్షత్రాలు పులహుడు, క్రతువు. పులహుడి నుంచి క్రతువుకు ఒక గీత గీసినట్లు ఊహించుకొని, ఆ గీతను అదేవైపు కిందికి, ఆ రెంటి నడిమి దూరానికి ఐదు రెట్లు పొడిగించండి. అక్కడ ఒంటరిగా ఒక చుక్క కనిపిస్తుంది. అదే ధ్రువ నక్షత్రం. దసరానాటికి సాయంకాలం సప్తర్షులు కనిపించరు. అప్పుడు ఈశాన్యాన ఐదు చుక్కలతో వంకరటింకరగా ఉండే శర్మిష్ఠ మండలాన్ని పట్టుకొని, దానికి ఎడమవైపు వెదకాలి.

ధ్రువుడు ఆకాశంలోకెల్లా ప్రకాశమైన నక్షత్రమని చాలామంది అనుకుంటారు. కాదు సుమా! అతనికంటె వెలుగు గలవి నలభైకి పైగా ఉన్నాయి. అతని గొప్ప వెలుగులో లేదు, ఉన్న చోటులో ఉన్నది. మిగిలిన చుక్కలన్నీ రాత్రంతా తిరుగుతూ ఉంటే, అతడు మాత్రం ఉన్నచోటనే ఉన్నట్లు కనిపిస్తాడు.

ఇప్పుడు మీ చెయ్యి చాచి, పిడికిలి బిగించి, ఒక కన్ను మూసి చూడండి. చాచిన చేతి పిడికిలి వెడల్పు ఆకాశంలో ఇంచుమించు 10 డిగ్రీలను కప్పుతుంది. చిటికెనవేలి మందం ఒక డిగ్రీ. ఈ కొలబద్ద దేవుడు మీకు ఉచితంగా ఇచ్చినది. నేల ఆకాశాన్ని తాకే గీతమీద పిడికిలి ఆనించి కొలిస్తే, మద్దికెరలో ధ్రువుడు పిడికిలిన్నర ఎత్తున ఉంటాడు. అంటే 15 డిగ్రీలు. అట్లాసు తీసి మద్దికెర అక్షాంశం చూడండి. 15¼ డిగ్రీలు! ఇది కాకతాళీయం కాదు. భూమధ్యరేఖమీద నిలబడితే ధ్రువుడు నేలగీతనే అంటుకొని ఉంటాడు. ఉత్తరధ్రువంలో నిలబడితే సరిగ్గా నడినెత్తిన ఉంటాడు. నడుమ ఎక్కడైనా, మీరు ఉత్తరానికి ఒక డిగ్రీ జరిగితే అతడు ఒక డిగ్రీ పైకి లేస్తాడు. కన్యాకుమారిలో అతని ఎత్తు పిడికిలికంటె తక్కువ. ఢిల్లీలో ఇంచుమించు మూడు పిడికిళ్ళు. ఒక డిగ్రీ జరగడానికి నేలమీద సుమారు 111 కిలోమీటర్లు పోవాలి. దాన్ని 360తో గుణించండి. 40 వేల కిలోమీటర్లు వస్తుంది. మద్దికెర మిద్దెమీద కూర్చున్న పిల్లవాడు పిడికిలితో భూమి చుట్టుకొలత పట్టుకున్నాడన్నమాట!

ధ్రువుని కథ మీకు తెలిసినదే. ఉత్తానపాదుడనే రాజుకు సునీతి, సురుచి అని ఇద్దరు భార్యలు. సునీతి కొడుకు ధ్రువుడు తండ్రి తొడ ఎక్కబోతే, సవతితల్లి సురుచి అడ్డుపడి అవమానించింది. ఐదేళ్ళ పిల్లవాడు అడవికి పోయి, నారదుని ఉపదేశం పొంది, మధువనంలో తపస్సు చేశాడు. విష్ణువు ప్రత్యక్షమై అతనికి ఒక స్థానం ఇచ్చాడు. ఎటువంటి స్థానం? భాగవతంలో దీనికి ఒక చక్కని పోలిక ఉన్నది. కళ్ళంలో నడుమ పాతిన గుంజచుట్టూ ఎద్దులు తిరిగినట్లు, నక్షత్రాలూ సప్తర్షులూ అతని చుట్టూ తిరుగుతారట. ఇప్పుడు యంత్రాలతో నూర్పిడి చేస్తున్నారు గనుక మీరు చూసి ఉండరు. మీ తాతలను అడగండి. గుంజ దగ్గరి ఎద్దు చిన్న చుట్టు తిరుగుతుంది. చివరి ఎద్దు పెద్ద చుట్టు తిరుగుతుంది. గుంజమాత్రం తిరగదు. పెళ్ళిలో వధువుకు అరుంధతినీ ధ్రువుణ్ణీ చూపించడంలో భావం కూడా ఇదే. ఈ ఇంట్లో నీవు ధ్రువునివలె స్థిరంగా ఉండు అని.

ఇంతవరకు బాగానే ఉన్నది. ఇక ధ్రువుని వింతలు చెబుతాను.

మొదటి వింత, మీరు ఈ రాత్రి చూసినది ఈనాటి ధ్రువుణ్ణి కాదు. కాంతి సెకనుకు 3 లక్షల కిలోమీటర్లు పోతుంది. చంద్రుని నుంచి మనకు సెకనుంబావులో వస్తుంది. సూర్యుని నుంచి ఎనిమిది నిమిషాలు దాటుతుంది. ధ్రువుని నుంచి రావడానికి ఎంత పడుతుందనుకున్నారు? శాస్త్రజ్ఞుల కొలతల్లో కొద్ది తేడాలున్నాయి గాని, 430కి 450కి నడుమ. గంటలు కాదు, రోజులు కాదు, సంవత్సరాలు! దూరదేశం నుంచి వచ్చిన ఉత్తరంలో “ఇక్కడ అందరం క్షేమం” అని ఉంటుంది. ఆ క్షేమం ఉత్తరం రాసిననాటిది గాని, మీరు చదివేనాటిది కాదు గదా. ఇదీ అంతే. 1565లో రక్కసితంగడి యుద్ధంలో విజయనగరం ఓడింది. ఆ తరువాత ఆదవాని కోట, అంటే మన ఆదోని కోట, బిజాపూరు సుల్తానుల చేతికి పోయింది. ఆ యుద్ధం చూసినవారు ముసలివారవుతున్న రోజుల్లో బయలుదేరిన వెలుగు, ఈ రాత్రి మద్దికెర మిద్దెమీద మీ కంటిలో పడింది. అప్పటికి గెలీలియో ఇంకా దుర్బిణిని ఆకాశంవైపు తిప్పలేదు. అది 1609లో జరిగింది. దక్షిణ అమెరికాలో పుట్టిన వేరుశనగ ఇంకా ఈ చేలకు ఎక్కలేదు. ఈ రాత్రి ధ్రువుడు ఆరిపోయినా, ఆ సంగతి మనకూ తెలియదు, మన మనుమల మనుమలకూ తెలియదు.

అతడు ఒంటరివాడు కూడా కాడు. కంటికి ఒకటిగా కనిపించే ఆ చుక్క నిజానికి మూడు నక్షత్రాల కుటుంబం. అందులో పెద్దది మన సూర్యునికంటె అడ్డుకొలతలో నలభై రెట్లకు పైబడినది. అది సుమారు నాలుగు రోజులకొకసారి కొద్దిగా ఉబ్బి తగ్గుతూ, వెలుగు కొద్దిగా మారుస్తూ ఉంటుంది. ఆ మార్పు మన కంటికి ఆనదు.

రెండవ వింత చూడడానికి మద్దికెర నుంచి తూర్పుగా జొన్నగిరివైపు పోదాము. ఆ పక్కనే ఎర్రగుడి దగ్గర బండలమీద అశోక చక్రవర్తి శాసనాలు ఉన్నాయి. ఇవి లోకానికి తెలిసినది 1929 ప్రాంతాల్లో. చెక్కినది మాత్రం సుమారు 2,270 ఏళ్ళ కిందట. అక్షరాలు బ్రాహ్మీ లిపిలో ఉన్నాయి. ఒక శాసనంలో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు నడుస్తాయి. నాగలి దున్నుతూ పోయిన ఎద్దులు చాలు చివర తిరిగి వచ్చినట్లు! చెక్కినవాడు ఎందుకలా చేశాడో గాని, మా పిల్లల్లో ఎవరైనా అలా రాసి ఉంటే నేను బెత్తం తీసి ఉండేవాణ్ణి.

ఆ శిల్పి రాత్రి పనిముట్లు కింద పెట్టి ఉత్తరానికి చూశాడనుకోండి. మన ధ్రువుడు అతనికి కదలని నక్షత్రం కాదు! ఆ రోజుల్లో అతడు ఆకాశపు గుంజ నుంచి 13 డిగ్రీల దూరాన ఉన్నాడు. కొంతసేపు మూడు పిడికిళ్ళ ఎత్తుకు దగ్గరగా ఎక్కేవాడు. కొంతసేపు నేలగీతకు రెండు చిటికెనవేళ్ళ ఎత్తుకు దిగేవాడు. ఎర్రగుడి కొండల చాటున దాగి ఉండవచ్చును కూడా. సరిగ్గా గుంజచోట అప్పుడు కంటికి బాగా కనిపించే నక్షత్రమే లేదు. ఇంకా వెనక్కు పోతే, సుమారు 4,800 ఏళ్ళ కిందట తూబన్ అనే మరొక నక్షత్రం అక్కడ ఉండేది. ఇక ముందుకు పోతే, సుమారు 12,000 ఏళ్ళకు అభిజిత్తు ఆ చోటికి దగ్గరగా వస్తుంది. మన ధ్రువుడు ఇప్పుడు కూడా గుంజకు చంద్రబింబం వెడల్పుకంటె కాస్త ఎక్కువ దూరంలో ఉండి, రోజూ ఒక చిన్న చుట్టు తిరుగుతూనే ఉన్నాడు. 2100 ప్రాంతాల్లో గుంజకు అన్నిటికంటె దగ్గరవుతాడు. ఇది చదివే చిన్నపిల్లల్లో కొందరు కర్ర పట్టుకొని మిద్దె ఎక్కి దాన్ని చూడవచ్చును. తరువాత మళ్ళీ తొలగిపోతాడు.

ఎందుకు? బొంగరం తిప్పినవారికి చెప్పనక్కరలేదు. బొంగరం వేగంగా తిరుగుతూనే, దాని తల మెల్లగా ఒక చుట్టు తిరుగుతుంది. భూమి నడుమ కాస్త ఉబ్బి ఉన్నది. ఆ ఉబ్బును సూర్యచంద్రులు లాగడంవల్ల భూమి ఇరుసు కూడా బొంగరం తలవలె సుమారు 26,000 ఏళ్ళకు ఒక చుట్టు తిరుగుతుంది. మనవారు దీన్ని అయనచలనం అన్నారు. దీని గుర్తు మీ ఇంటి గోడకు వేలాడే క్యాలెండరులో కూడా ఉన్నది. పొద్దు నిజంగా ఉత్తరానికి తిరిగేది డిసెంబరు 21, 22 తేదీల్లో. మనం మకర సంక్రాంతి చేసేది జనవరి 14, 15 తేదీల్లో. సుమారు 1,700 ఏళ్ళ కిందట ఆ రెండూ ఒకే రోజున పడేవి. భాగవతంలో ధ్రువుడు 36,000 ఏళ్ళు రాజ్యం చేశాడని ఉన్నది. ఆ సంఖ్యనూ ఈ 26,000నూ ముడిపెట్టి లెక్కలు చెప్పేవారు మీకు కనిపిస్తే నమస్కారం పెట్టి వచ్చెయ్యండి.

ఈ పాఠం నేను ఒకసారి ఏడవ తరగతిలో చెబుతూ ఉంటే వెనుక బల్లమీది నుంచి ఒకడు లేచాడు. మాట్లాడే పిల్లవాడు కాడు.

“అట్లయితే ఆ కత అబద్ధమేనా సార్? ధ్రువుడే కదిలితే, కదలంది యాడుంది సార్?” అన్నాడు.

తరగతి అంతా నవ్వింది. వాడు నవ్వలేదు. నేనూ నవ్వలేదు. వాడి ఇంటి సంగతి నాకు తెలుసు. ఈ సీమలో దసరా, దీపావళి దాటితే ఇళ్ళకు తాళాలు పడతాయి. వాన లేక చేలో పని ఉండదు. అమ్మా నాన్నా పత్తి తీయడానికి, మిరపకాయలు కోయడానికి గుంటూరు వైపు సుగ్గికి పోతారు. పిల్లలు కొందరు అవ్వ దగ్గర ఉంటారు, కొందరు సీజనల్ హాస్టల్లో ఉంటారు, కొందరు బడి మాని మూటలతోపాటు పోతారు. వీడు పోయేవారిలో ఒకడు. కదలని చోటు ఎక్కడున్నదని వాడు అడగడం ఖగోళశాస్త్రం మాత్రమే కాదు.

“ఒరే, విష్ణువు ఆ పిల్లవాడికి ఇచ్చినదేమిటి? నక్షత్రమా, చోటా?” అని అడిగాను.

వాడు ఆలోచించి, “చోటు సార్” అన్నాడు.

కథలో ఉన్న మాట అదే. గుంజ ఉన్న చోటు పేరు ధ్రువం. ఒకప్పుడు అక్కడ తూబన్ కూర్చున్నది. కొంతకాలం ఎవరూ కూర్చోలేదు. ఇప్పుడు ఈ చుక్క కూర్చున్నది. నేను ఇన్నేళ్ళు కూర్చున్న కుర్చీలో ఇప్పుడు వేరొకరు కూర్చున్నారు. అయినా దాన్ని హెడ్మాస్టరు కుర్చీ అనే అంటారు గదా. మన పెద్దలు కూడా ఆకాశం మేకులు కొట్టినట్లుంటుందని అనుకోలేదు. మహాభారతం వనపర్వంలో అభిజిత్తు ఆకాశం నుంచి జారిపోయిందనీ, అందువల్ల కాలగణనను గూర్చి బ్రహ్మతో ఆలోచించాలనీ ఇంద్రుడు కుమారస్వామితో చెబుతాడు. మైత్రాయణీయ ఉపనిషత్తులో బృహద్రథుడనే రాజు లోకంలో నిలవనివాటిని లెక్కపెడుతూ, సముద్రాలు ఎండడం, కొండలు కూలడంతోపాటు ధ్రువుడు చలించడాన్ని కూడా చేరుస్తాడు. వాడి ప్రశ్న అంత పాతదన్నమాట. ఆ మాట చెబితే వాడి ముఖం కొంచెం వికసించింది.

వాడికి ఇంకొక సంగతి కూడా చెప్పాను. 19వ శతాబ్దంలో మన తెలుగువారు ఎందరో ఓడలెక్కి మారిషస్ చెరకుతోటల పనికి పోయారు. అదీ ఒక సుగ్గే గాని, తిరిగి రాని సుగ్గి. మారిషస్ భూమధ్యరేఖకు దక్షిణాన 20 డిగ్రీల దగ్గర ఉన్నది. అక్కడ ధ్రువుడు నేలగీతకు రెండు పిడికిళ్ళ కింద ఉంటాడు. ఎంత ఎత్తు కొండ ఎక్కినా కనిపించడు. అక్కడి తెలుగు పెళ్ళికూతురికి ధ్రువుణ్ణి చూపించాలంటే ఉత్తరదిక్కు చూపించి, కథ చెప్పవలసిందే.

“గుంటూరులో కనబడతాడా సార్?” అన్నాడు వాడు.

“కనబడతాడు. ఎంత ఎత్తున ఉంటాడో నీవే కొలిచి వచ్చి చెప్పు” అన్నాను. వాడికొక చిన్న నోటుపుస్తకం కూడా ఇచ్చాను.

దీపావళి తరువాత వాడి ఇంటికి తాళం పడింది. నాలుగు నెలలు బెంచీమీద వాడి చోటు ఖాళీగానే ఉన్నది. ఉగాదికి వచ్చాడు. ఎండకు నల్లబడ్డాడు, చేతులు మిరపకాయల ఘాటుకు పొక్కి ఉన్నాయి. నోటుపుస్తకంలో వారానికొక గీత ఉన్నది. ఒక్కొక్క గీతకింద ఒక పిడికిలి బొమ్మ, సగం పిడికిలి బొమ్మ, వాటి పక్కన సన్నగా ఒక వేలు ఉన్నాయి.

“పిడికిలిన్నరే సార్. కాకుంటే ఆడ చిటికెనేలంత ఎక్కువ” అన్నాడు.

గుంటూరు మద్దికెరకు తూర్పున ఎంతో దూరంలో ఉన్నది. కాని తూర్పుకు ఎంత పోయినా ధ్రువుని ఎత్తు మారదు. ఉత్తరానికి జరిగినదే లెక్క. అట్లాసు తీసి ఇద్దరం చూశాము. మద్దికెర 15¼ డిగ్రీలు, గుంటూరు 16⅓ డిగ్రీలు. తేడా ఒక డిగ్రీ, చిటికెనవేలంత. వాడు రెండు సంఖ్యలూ నోటుపుస్తకంలో ఎక్కించుకొని, అట్లాసు నా చేతిలో నుంచి తీసుకొని, పేజీ తిప్పి ఢిల్లీ ఎక్కడున్నదో వెదకడం మొదలుపెట్టాడు.